తలకట్టు ఊడిపోకుండా: ఇంటి పేరు పలకకు యాక్రిలిక్ పని

కిందటి దసరాకు ముందు మా గేటుకు కొత్త పేరు పలక పెట్టాలనుకున్నాం. ఇల్లు షోలాపూర్ తూర్పు భాగంలో ఉంది. తాత పెట్టిన పేరు పద్మనిలయం. రేకు మీద రంగుతో రాయించిన పాత పలక ఎండకూ వానకూ చెరిగిపోయి, చివరికి 'పద్మ' కూడా సగమే మిగిలింది. కొత్తది యాక్రిలిక్‌లో, అక్షరాలు కోసి అతికించినది కావాలని బోర్డుల షాపులో చెప్పి వచ్చాం. వారం తర్వాత వెళ్తే ఒక చిన్న ప్లాస్టిక్ కవరు చేతిలో పెట్టారు. అందులో ఎనిమిది ముక్కలున్నాయి. ప ఒకటి, దాని తలకట్టు ఒకటి, ద ఒకటి, మ వత్తు ఒకటి, ని, ల, య, చివర సున్న.

"మరాఠీలో అయితే పైన గీత ఉంటుంది, మాట మొత్తం ఒక్క ముక్కగా వస్తుంది. మీది ఇట్లా ముక్కలైపోతుంది. మరాఠీలోనే వేయించుకోరాదా?" అన్నాడు మిషను దగ్గరి కుర్రాడు. అతను వెటకారంగా అనలేదు, పనిలో కనిపించినదే చెప్పాడు. శిరోరేఖ ఉన్న లిపిని కోయడం సులువు, గీతే అక్షరాలన్నిటినీ పట్టి ఉంచుతుంది. మన లిపిలో అలాంటి ఆధారం లేదు. చాలా ఫాంట్లలో గ, ప, ష, స లాంటి అక్షరాలకు తలకట్టు ఒంటిని తాకదు, గాలిలో నిలబడి ఉంటుంది. కాగితం మీద ఆ సంగతి ఎవరికీ పట్టదు. యాక్రిలిక్‌లో కోస్తే అది గోరంత ముక్కై చేతిలో పడుతుంది.

కన్నడ లిపి మనదానికి దగ్గరి చుట్టమే అయినా అక్కడ తలకట్టు చాలావరకు ఒంటికి అతుక్కునే ఉంటుంది. అందుకే బళ్లారిలోనో బెంగళూరులోనో కన్నడ అక్షరాలు రోజూ కోసే షాపులకు కూడా వత్తుల సంగతి తెలిసినంతగా మన తలకట్టు సంగతి తెలియదు. హోసూరులో, బరంపురంలో తెలుగు పలక వేయించుకునేవాళ్లకూ ఇదే ఇబ్బంది రావచ్చు. ఆ కవరు ఇంటికి తెచ్చుకుని పని మేమే మొదలుపెట్టాం. ఈ ఏడాదిలో రెండు షీట్లు పాడుచేసి, ఒక పలక, మూడు ఫోటో ఫ్రేములు చేశాం. అందులో నేర్చుకున్నదే ఇక్కడ రాస్తున్నాం.

ముందు సరుకు సంగతి. యాక్రిలిక్‌ను అద్దం అంటాం గానీ అది గాజు కాదు, ప్లాస్టిక్. రసాయన నామం పాలీమిథైల్ మెథాక్రిలేట్. జర్మనీలో ఓటో రోమ్ కంపెనీ 1933లో ప్లెక్సీగ్లాస్ అనే పేరుతో దీన్ని బజారుకు తెచ్చింది, బ్రిటన్‌లో పెర్‌స్పెక్స్ అన్నారు. మన ఇళ్లకు ఇది కొత్తేమీ కాదు. నాయనమ్మ రాత్రి గ్లాసు నీళ్లలో వేసి పెట్టే పళ్లసెట్టు గులాబీ రంగు చిగురు సాధారణంగా ఇదే పదార్థం. కంటిపొర తీసి లోపల లెన్సు పెట్టే ఆపరేషన్ కూడా దీనితోనే మొదలైంది. రెండో ప్రపంచ యుద్ధంలో విమానాల కిటికీల పెర్‌స్పెక్స్ ముక్కలు పైలట్ల కళ్లలో గుచ్చుకున్నా కన్ను వాటిని తిప్పికొట్టడం లేదని లండన్ వైద్యుడు హెరాల్డ్ రిడ్లీ గమనించి, 1949లో ఆ పదార్థంతోనే మొదటి లెన్సు పెట్టాడు.

గాజుతో పోలిస్తే బరువు సగం కంటే తక్కువ. 8 అడుగులు × 4 అడుగుల 3 మిల్లీమీటర్ల షీటు పదిన్నర కిలోలు తూగుతుంది, అంతే గాజు 22 కిలోలకు పైన ఉంటుంది. వెలుతురును సుమారు 92 శాతం దాటనిస్తుంది. పగలడం తక్కువ, పగిలినా గాజులా చిన్న చిన్న పెంకులు కాదు. ఎండలో ఏళ్ల తరబడి ఉన్నా మామూలు ప్లాస్టిక్‌లా పచ్చబడదు. ఇవన్నీ షాపువాళ్లే చెప్తారు. వాళ్లు చెప్పనివి మూడున్నాయి. గీతలు తొందరగా పడతాయి. వేడికి బాగా సాగుతుంది. మంట అంటుకుంటే కాలుతుంది. మేం చేసిన తప్పుల్లో చాలావరకు ఈ మూడింటిలో ఏదో ఒకటి మరిచిపోయి చేసినవే.

కొనేటప్పుడు అడగాల్సిన మాట ఒకటుంది: "కాస్టా, ఎక్స్‌ట్రూడెడా?" రెండు అద్దాల మధ్య పోసి గట్టిపరిచింది కాస్ట్. మిషను నుంచి రొట్టెలా ఒత్తి తీసింది ఎక్స్‌ట్రూడెడ్. రెండోది చవక, మందం అంతటా ఒకేలా ఉంటుంది, కానీ రంపం పెడితే తొందరగా కరిగి బ్లేడుకు పట్టుకుంటుంది, లోపల ఒత్తిడి ఎక్కువ కాబట్టి అతుకుల దగ్గర సన్నని పగుళ్లు వచ్చే అవకాశమూ ఎక్కువ. లేజరుతో అక్షరాలు చెక్కిస్తే కాస్ట్ మీద తెల్లగా, మంచు పట్టినట్టు చక్కగా కనిపిస్తాయి, ఎక్స్‌ట్రూడెడ్ మీద గీత దాదాపు పారదర్శకంగానే ఉండిపోతుంది. ఇంటి పనికి కాస్టే తీసుకోండి. పెద్ద షీటు కొననక్కర్లేదు. బోర్డుల షాపుల్లో మిగులు ముక్కలు ఉంటాయి, అడిగితే ఇస్తారు, కొన్నిచోట్ల తూకానికి అమ్ముతారు.

ముక్కల్లో కొన్నప్పుడు అది యాక్రిలిక్ అవునో కాదో చూసుకోవాలి. చిన్న చెక్కు పటకారుతో పట్టుకుని ఆరుబయట అగ్గిపుల్ల చూపిస్తే తెలుస్తుంది. యాక్రిలిక్ చిటపటమంటూ పెద్దగా పొగ లేకుండా కాలుతుంది, పండు లాంటి తియ్యని వాసన వస్తుంది. నల్లని మసి పొగ వస్తే అది పాలీస్టైరీన్. అగ్గిపుల్ల తీయగానే మంట ఆరిపోతే పాలీకార్బొనేట్ కావచ్చు.

ఇక అక్షరాలు. మేం మొదట చేసిన పొరపాటు అంతా ఫైలులోనే ఉంది. షాపులో కంప్యూటర్ మీద తెలుగు ఫాంటు లేదు. ఫోనులో పంపిన మాటను వాళ్లు తమ డిజైన్ సాఫ్ట్‌వేర్‌లో పెట్టగానే 'ద్మ' విడిపోయి ద పక్కన పొల్లు, దాని పక్కన మ వచ్చి కూర్చున్నాయి. తెలుగు చదవలేని మనిషికి అది తప్పని తెలిసే దారి లేదు. దీనికి మందు ఒక్కటే. అక్షరాలుగా కాకుండా బొమ్మ గీతలుగా మార్చిన ఫైలు మనమే ఇవ్వాలి. ఇంక్‌స్కేప్ అనే ఉచిత సాఫ్ట్‌వేర్‌లో యూనికోడ్ తెలుగు సరిగ్గానే వస్తుంది. పేరు టైపు చేసి, దాన్ని 'పాత్'గా మార్చి, ఎస్‌వీజీ ఫైలుగా దాచి పంపితే షాపు కంప్యూటర్‌లో ఫాంటు ఉన్నా లేకపోయినా అక్షరం చెదరదు. కోతకు ముందు తెర మీద బొమ్మను ఫోనులో ఫోటో తీసి పంపమని కూడా చెప్పండి. తెలుగు బాగా చదివే పెద్దవాళ్లకు ఒకసారి చూపించండి. ధకూ దకూ తేడా కింది చిన్న వత్తు గీత ఒక్కటే, థ నడుమ చుక్క పోతే ఆ అక్షరమే మారిపోతుంది. అంత చిన్నవి కోత మిషను కింద జాలీలోంచి జారిపోయినా ఎవరికీ తెలియదు.

తలకట్టు సమస్యకు మాకు మూడు దారులు కనిపించాయి. మొదటిది, తలకట్టునూ ఒంటినీ కలుపుతూ రెండు మూడు మిల్లీమీటర్ల సన్నని వంతెన గీయడం. వత్తుకూ అంతే. ముక్కలు తగ్గుతాయి, కానీ మా కంటికి ఆ అక్షరం కుంటుతున్నట్టు కనిపించింది. వంతెన సన్నగా ఉంటే అక్కడే విరుగుతుంది కూడా. రెండోది, అసలు ముక్కలే లేకుండా పారదర్శక షీటు వెనకవైపు అక్షరాలను అద్దంలో బింబంలా తిప్పి చెక్కించి, గుంటల్లో రంగు నింపడం. ముందువైపు నునుపుగా ఉంటుంది, దుమ్ము పట్టదు, ఏ ముక్కా రాలదు. అపార్ట్‌మెంట్ తలుపు పక్కన పెట్టే చిన్న పలకకు ఇదే మంచిది. మూడోది, ముక్కలను ముక్కలుగానే ఉంచి కింద ఒక పలక మీద అతికించడం. గేటుకు, దూరం నుంచి కనిపించాల్సినదానికి ఇదే బాగుంటుంది. నీడ పడి అక్షరం లేచి నిలబడినట్టు కనిపిస్తుంది. మేం మూడోదే చేశాం.

దీనికి అచ్చు కాగితం కావాలి. అదే ఫైలును నిజమైన కొలతలో కాగితం మీద ప్రింటు తీసుకుని, పారదర్శక పలక కింద పెట్టి, దాని మీద ముక్కలు పేర్చుకోవాలి. పలక పారదర్శకం కాకపోతే లేజరు షాపువాడు అక్షరాలు కోసిన తర్వాత మిగిలిన షీటును పారేయనివ్వకండి. అక్షరాల ఆకారంలో రంధ్రాలున్న ఆ షీటే సరైన అచ్చు. దాన్ని పలక మీద బోర్లించకుండా సరిగా పరిచి ఒక్కో ముక్కను దాని గూటిలో దింపితే చాలు. ఈ సంగతి మాకు ఆలస్యంగా తెలిసింది. మా మొదటి షీటు మిగులు అప్పటికే చెత్తలో పోయింది.

పేర్చే పని మా అన్న కూతురికి ఇచ్చాం. ఆరో తరగతి, మరాఠీ బడి. ఇంట్లో తెలుగు గలగలా మాట్లాడుతుంది, చదవడం రాదు. మేం వంటింట్లో ఉండగా అచ్చు కాగితం చూసి పేర్చేసింది, గమ్ పెట్టింది మేమే. పలక గేటుకు ఎక్కింది. రెండు రోజులు వీధిలో ఎవరూ ఏమీ అనలేదు. మూడో రోజు నల్గొండ నుంచి పెద్దమ్మ వచ్చి గేటు దగ్గరే ఆగిపోయింది. "ఏందిరా, తలకట్టు తలకిందులు పెట్టిన్రు? పా కు జ్వరమొచ్చినట్టున్నది" అంది. చూస్తే నిజమే. తలకట్టు పొడుగు గీత కుడివైపు పైకి లేవాల్సింది, ఎడమకు తిరిగింది. మేమంతా ఆ గేటులోంచి రోజూ పోతూ వస్తూ ఉన్నాం. అయినా చూడలేదు. పిల్లను అనడానికి మాకు నోరు రాలేదు. తప్పు ముక్క తీద్దామంటే రాలేదు, ఉలితో లేపితే పలక మీద గాటు పడింది. షీటు ఒకటి అలా పోయింది.

అతుకు ఎందుకు రాలేదో చెప్పాలి, ఎందుకంటే యాక్రిలిక్ పనిలో అసలు కీలకం అక్కడే ఉంది. బోర్డుల షాపుల్లో వాడేది మామూలు గమ్ కాదు, నీళ్లలా పలచగా ఉండే ద్రావకం. చాలాచోట్ల క్లోరోఫామ్, కొన్నిచోట్ల డైక్లోరోమీథేన్. రెండు ముక్కలు దగ్గరగా పెట్టి అంచున సిరంజితో ఒక చుక్క వదిలితే సందులోకి తనంతట తానే పాకిపోతుంది. రెండు వైపులా ప్లాస్టిక్‌ను కొద్దిగా కరిగించి, తాను ఆవిరైపోతుంది. మిగిలేది గమ్ కాదు, రెండు ముక్కలూ ఒకే ముక్కగా కలిసిన అతుకు. నిమిషంలో పట్టుకుంటుంది, పూర్తి బలం రావడానికి ఒక రోజు పడుతుంది. గాలి బుడగలు కనిపిస్తే అంచులు సమంగా లేవని అర్థం. ఈ పని తెలిసినవాళ్ల చేతిలో చూడముచ్చటగా ఉంటుంది.

కానీ ఇది ఇంట్లో పిల్లల దగ్గర చేసే పని కాదు. క్లోరోఫామ్‌ను ఒకప్పుడు ఆపరేషన్లకు మత్తుమందుగా వాడేవారు, కాలేయానికీ గుండెకూ చేటని మానేశారు. డైక్లోరోమీథేన్ ఆవిరీ అంతే ప్రమాదం. మూసిన గదిలో, ఫ్యాను కింద, వంటింటి పొయ్యి పక్కన వద్దే వద్దు. మాస్కు గుడ్డ ఈ ఆవిరిని ఆపదు. మేడ మీద గాలి వీచే చోట, గాలి మన వెనక నుంచి ముందుకు పోయేలా కూర్చుని చేయాలి. సీసాను నీళ్ల సీసాలో పోసి పెట్టడం అన్నిటికంటే ప్రమాదం.

అందుకే రెండోసారి అక్షరాలను ద్రావకంతో కాకుండా బయట వాడే రెండువైపులా అంటుకునే టేపుతో పెట్టాం. వారం చూసి, పెద్దమ్మకు ఫోటో పంపి, ఆమె 'ఊఁ' అన్నాక అంచుల్లో న్యూట్రల్ సిలికాన్ సన్నగా పెట్టాం. వెనిగర్ వాసన వచ్చే సిలికాన్ వద్దు, దాని పులుపు యాక్రిలిక్‌ను పగలగొట్టవచ్చు. ట్యూబు మీద 'న్యూట్రల్' అని రాసి ఉంటుంది. క్షణంలో అంటుకునే క్విక్ గమ్ సంగతి అందరికీ గుర్తొస్తుంది. అది పట్టుకుంటుంది, కానీ చుట్టూ తెల్లని బూజులా ఆవిరి మచ్చ పడుతుంది. నల్ల పలక మీద ఆ మచ్చ జీవితాంతం కనిపిస్తుంది.

చేతితో కోయడం కష్టమేమీ కాదు. 3 మిల్లీమీటర్ల షీటుకు రంపమే అక్కర్లేదు. కొక్కెంలా వంగిన మొన ఉండే యాక్రిలిక్ కట్టరు హార్డ్‌వేర్ షాపుల్లో దొరుకుతుంది. ఇనుప స్కేలు పెట్టి ఒకే గీత మీద ఎనిమిది పది సార్లు లాగాలి, మందంలో మూడోవంతు గాడి పడేదాకా. తర్వాత గాడి పైకి ఉండేలా, సరిగ్గా బల్ల అంచు మీదికి తెచ్చి, రెండో వైపును ఒక్కసారిగా కిందికి నొక్కాలి. టప్పుమని విరుగుతుంది. భయపడుతూ మెల్లగా నొక్కితేనే వంకరగా పోతుంది. షీటుకు రెండు వైపులా ఉన్న కాగితమో ప్లాస్టిక్ పొరో పని పూర్తయ్యేదాకా తీయకండి. మేం అందం చూసుకుందామని ముందే తీశాం, స్కేలు జారిన గీత ఇప్పటికీ పలక మూలన ఉంది.

5 మిల్లీమీటర్లు దాటితే సన్నని పళ్ల రంపం లేదా జిగ్‌సా కావాలి. షీటు కిందా పైనా గట్టిగా పట్టి ఉంచకపోతే అదిరి పగులుతుంది. వేగం ఎక్కువైతే కోసిన పొడి కరిగి, వెనకాలే గాడిలో మళ్లీ అతుక్కుంటుంది. కోశామనుకుని చూస్తే షీటు విడిపోదు. అప్పుడప్పుడు ఆపి చల్లారనివ్వాలి.

డ్రిల్లు దగ్గర మా రెండో షీటు పోయింది. ఇనుముకు వాడే మామూలు బిట్టు పదునుగా ఉండి స్క్రూలా షీటును లోపలికి లాక్కుంటుంది. రంధ్రం అవతలికి తేలే ఆఖరి క్షణంలో పట్టుకుని చీల్చేస్తుంది. బిట్టు కొన దగ్గర కోసే అంచును సానరాయి మీద కొద్దిగా మొద్దు చేస్తే అది తవ్వకుండా గీకుతుంది. ఒకటికి రెండుసార్లు పాత ముక్క మీద చేసి చూడండి. షీటు కింద చెక్క పెట్టి, రెండూ కలిపి క్లాంపుతో బిగించి, తక్కువ వేగంతో, మధ్యమధ్య బిట్టు పైకి తీస్తూ, ఒక చుక్క నీళ్లు వేస్తూ తొలవాలి. కరెంటు డ్రిల్లు దగ్గర నీళ్లు చుక్కలే, ధార కాదు. కళ్లజోడు పెట్టుకోవాలి. రంధ్రం అంచుకు మరీ దగ్గర వద్దు. 6 మిల్లీమీటర్ల రంధ్రానికి అంచు నుంచి కనీసం 12 మిల్లీమీటర్లు వదలండి.

రంధ్రం స్క్రూ కంటే పెద్దగా ఎందుకు ఉండాలో షోలాపూర్ ఎండ చెప్తుంది. యాక్రిలిక్ వేడికి గాజు కంటే సుమారు ఎనిమిది రెట్లు ఎక్కువ సాగుతుంది. మీటరు పొడవున్న షీటు 30 డిగ్రీల తేడాకు దాదాపు 2 మిల్లీమీటర్లు పెరుగుతుంది. మా పలక రెండడుగులు. డిసెంబరు తెల్లవారుజామున ముట్టుకుంటే చల్లగా ఉండేది ఏప్రిల్ మధ్యాహ్నం చెయ్యి పెట్టలేనంత కాలుతుంది. ఆ తేడాకు ఒకటిన్నర మిల్లీమీటరు దాకా సాగుతుంది. 4 మిల్లీమీటర్ల స్క్రూకు 4 మిల్లీమీటర్ల రంధ్రమే పెట్టి బిగించేస్తే సాగడానికి చోటు లేక రంధ్రం దగ్గరే పగులు మొదలవుతుంది. 6 పెట్టి, రబ్బరు వాషరు వేసి, స్క్రూను వేలితో తిప్పితే ఆగేంత వరకే బిగించాలి. గట్టిగా ఉంటేనే మంచిదన్న మన అలవాటు ఇక్కడ పనికిరాదు.

అంచుల మెరుగు ఓపిక పని. హ్యాక్సా బ్లేడు వీపుతో గీకి, తర్వాత 220 నంబరు సాండ్ పేపరు, 400, 600, 1000 వరుసగా నీళ్లతో రుద్ది, చివర పాలిషు పెట్టి మెత్తని గుడ్డతో తోమితే గాజులా మెరుస్తుంది. నంబరు దాటేస్తే పాత గీతలు దాటిపోవు. షాపుల్లో చిన్న మంట చూపించి క్షణంలో మెరిపిస్తారు. చూడడానికి బాగుంటుంది, కానీ మంట తగిలిన అంచులో ఒత్తిడి మిగులుతుంది, తర్వాత అక్కడ ద్రావకం పెడితే సాలెగూడులా పగుళ్లు వస్తాయి. లేజరు కోసిన అంచూ అంతే. అందుకే అతకాల్సిన అంచును చేతితో, మెరవాల్సిన అంచును మంటతో అని పని తెలిసినవాళ్లు వేరు చేసుకుంటారు.

వంచడం మేం చేయలేదు, చేయించుకున్నాం. 150, 160 డిగ్రీల వేడికి సన్నని తీగ హీటరు మీద గీత వెంబడి మెత్తబరిచి వంచుతారు, చల్లారేదాకా పట్టుకుంటారు. గ్యాసు పొయ్యి మీద ప్రయత్నించవద్దు. ఒకచోట బుడగలు లేచి పక్కన ఇంకా గట్టిగానే ఉంటుంది, కొంచెం ఏమరితే అంటుకుంటుంది. లేజరు గురించి ఒక హెచ్చరిక మాత్రం. బోర్డులకు వాడే తెల్లని సన్‌బోర్డు యాక్రిలిక్ కాదు, పీవీసీ నురుగు. దాన్ని లేజరు కింద పెట్టమని అడగవద్దు. క్లోరిన్ ఉన్న విషపు ఆవిరి వస్తుంది, మిషనూ తుప్పు పడుతుంది.

పలక అయ్యాక ఫోటోల మీద పడ్డాం. చిన్నతాత మగ్గం ముందు కూర్చున్న ఫోటో ఒకటి మా ఇంట్లో ఉంది, మా దగ్గర ఉన్న ఆయన బొమ్మ అదొక్కటే. ఫ్రేములో గాజుకు అంటుకుపోయి ఉంది, వానాకాలపు తేమకు అలా పడుతుంది. దాన్ని పీకి కొత్త అద్దం వేయాలని మొదట అనుకున్నాం. అదృష్టం కొద్దీ ఒక మూల కొద్దిగా లేపగానే బొమ్మ పొర గాజుతోనే ఉండిపోవడం చూసి ఆగాం. అంటుకున్న ఫోటోను పీకకండి. గాజుతో సహా పగటి వెలుతురులో, నీడపట్టున, పక్క నుంచి మెరుపు రాకుండా ఫోటో తీయించి, ప్రింటు కొత్త ఫ్రేములో పెట్టండి, అసలుదాన్ని గాజుతో పాటే పొడి గుడ్డలో చుట్టి బీరువాలో పడుకోబెట్టండి.

కొత్త ఫ్రేములకు యాక్రిలిక్ మంచిదే. తేలిక, గోడ మేకు ఊడినా పెంకులు ఫోటోను కోయవు. కానీ ఇక్కడా ఫోటో నేరుగా తగలకూడదు. చుట్టూ మందపాటి అట్ట చట్రం పెట్టి మధ్యలో గాలి సందు ఉంచాలి. ఇంకొకటి, యాక్రిలిక్‌ను పొడి గుడ్డతో తుడిస్తే స్థిర విద్యుత్తు పుట్టి దుమ్మును లాగుతుంది. రంగు పొడి రాలే పాత బొమ్మలకు, బొగ్గు గీతల చిత్రాలకు, పొర లేస్తున్న ఫోటోలకు ఆ లాగుడే చేటు. వాటికి గాజే ఉండనివ్వండి.

దేవుడి గూట్లో కూడా గాజే. ఇది మా అభిప్రాయం కాదు, జాగ్రత్త. యాక్రిలిక్ నూరు డిగ్రీల దగ్గరే మెత్తబడుతుంది, మంట తగిలితే కాలుతూ కరిగి బొట్లు బొట్లుగా కారుతుంది. దీపం ముందున్న పటానికి, అగరుబత్తి గుచ్చే చోటుకు, కార్తీకంలో దీపాలు వరసగా పెట్టే గూటికి అది తగదు. తేలిక అని, పగలదని పటాలన్నిటికీ యాక్రిలిక్ వేయిస్తున్న ఇళ్లు చూస్తున్నాం. హారతి పళ్లెం ఎంత దగ్గరగా తిరుగుతుందో ఒకసారి చూసుకోండి.

తుడవడం చివరి మాట, కానీ ఎక్కువ పలకలు పాడయ్యేది ఇక్కడే. 2020లో కరోనా రోజుల్లో షాపుల కౌంటర్ల మీద యాక్రిలిక్ తెరలు పెట్టి వాటి మీద రోజూ శానిటైజర్ కొట్టారు. కొన్నాళ్లకు వాటిలో వెంట్రుకల్లాంటి పగుళ్లు వచ్చాయి. స్పిరిటు, థిన్నరు, అమ్మోనియా ఉన్న అద్దాలు తుడిచే నీళ్లు అన్నీ యాక్రిలిక్‌కు పడవు. ముందు నీళ్లు పోసి దుమ్ము కడిగేయాలి. పొడిగా తుడిస్తే ఆ దుమ్మే సాండ్ పేపరు. తర్వాత రెండు చుక్కల గిన్నెలు తోమే సబ్బు కలిపిన నీళ్లతో, పాత నూలు గుడ్డతో మెల్లగా. మా ఊళ్లో టవళ్లకు కొదవ లేదు గానీ కొత్త టవలు వద్దు, బాగా ఉతికి మెత్తబడిందే మంచిది.

పలక గేటు మీద ఈ వానాకాలం దాటింది. జూన్‌లో సున్న ఒకసారి ఊడింది, టేపు కింద దుమ్ము చేరినందుకు. మా అన్న కూతురు కాలవ పక్కన వెతికి తెచ్చి, తనే కడిగి, తనే పెట్టింది. రెండోసారి కోయించినప్పుడు మ వత్తూ తలకట్టూ రెండేసి ఎక్కువ కోయించాం. అవి టీవీ కింద సొరుగులో, పాత అచ్చు కాగితంతో కలిపి కవరులో ఉన్నాయి. కవరు మీద ఆ పిల్లే పెన్నుతో రాసింది, తెలుగులో. తలకట్టు సరిగ్గానే పెట్టింది.